కాగితం మీద చిన్నాన్న కొడుకుని

లాయరు గారు దావా కాగితంలో మొదటి పంక్తి దగ్గరే ఆగిపోయారు. నా పేరు రాసుకున్నారు, వయసు రాసుకున్నారు, "తండ్రి పేరు?" అని అడిగారు. బళ్ళో కొత్తగా చేరే పిల్లాడు కూడా తడుముకోకుండా చెప్పే జవాబు అది. అరవై దగ్గర పడుతున్న నేను మాత్రం ఆయన బల్ల వైపు చూస్తూ, "ఏ తండ్రి పేరండీ?" అన్నాను.

ఆయన కళ్ళజోడు తీసి నన్ను ఎగాదిగా చూశారు. పొద్దున్నే తాగొచ్చాననుకున్నారేమో.

నాకు తండ్రులు ఇద్దరు. కన్నతండ్రి ఒకాయన, కాగితం మీద తండ్రి ఇంకొకాయన. కన్నతండ్రి పోయి అప్పటికి ఏడాది దాటింది. కాగితం మీది తండ్రి, అంటే మా నాన్న తమ్ముడు, మా చిన్నాన్న, అంతకు చాలా ఏళ్ళ ముందే పోయాడు. ఇద్దరూ హాయిగా వెళ్ళిపోయారు. వాళ్ళు చేసిన పనికి కోర్టు మెట్లు ఎక్కడానికి నేను మిగిలాను.

అసలు సంగతి ఇది. నా చిన్నతనంలో స్టీలు ప్లాంటు కోసం మా ఊరు తీసుకున్నారు. ఇళ్ళు, పొలాలు, జీడితోటలు, శ్మశానంతో సహా ఊరు మొత్తం. ప్లాంటులో నేను తరవాత జీవితమంతా డ్యూటీ చేసిన షెడ్డుకీ మా పాత వంటింటికీ మధ్య ఒక బీడీ కాల్చేంత దూరం కూడా ఉండదని మా నాన్న అంటుండేవాడు. ఊరు పోయినవాళ్ళకి నిర్వాసితులని పేరు పెట్టి, కుటుంబానికో కార్డు ఇచ్చారు. కార్డుకి వాళ్ళ కోసం వేసిన కాలనీలో ఒక ఇంటి స్థలం, ఇంట్లో ఒకరికి ఉద్యోగం. మా వైపు కొన్నాళ్ళపాటు పెళ్ళిచూపుల్లో కూడా మొదటి ప్రశ్న "కార్డుందేటి?" అన్నదే. అబ్బాయి ఒడ్డూ పొడుగూ ఆ తరవాత చూసేవాళ్ళు.

మా నాన్నకి ఇద్దరు కొడుకులు, ఒక కార్డు. మా చిన్నాన్నకీ ఒక కార్డు ఉంది, పిల్లలు లేరు. ఆ రెండో కార్డు ఊరికే పోతుందన్న బాధ మా నాన్నని కుదురుగా కూర్చోనివ్వలేదు. ఆయన రైతు. గట్టు మీద దానంతటది మొలిచిన కందిమొక్కని కూడా పీకి పారెయ్యలేని రకం. ఒక ఉదయం నన్ను ఉతికిన చొక్కా వేసుకోమని చెప్పి, అనకాపల్లి బస్సు ఎక్కించాడు. అమ్మ, చిన్నాన్న, పిన్ని కూడా వచ్చారు. దిగాక రిజిస్ట్రారు ఆఫీసుకి నడిచాం. నాకప్పుడు పన్నెండేళ్ళు.

దత్తత అన్న మాట అక్కడే మొదటిసారి విన్నాను. గుమస్తా పత్రం చదువుతుంటే నేను గోడకి ఆనుకుని నిలబడ్డాను. పెద్దవాళ్ళందరూ వేలిముద్రలు వేశారు. అమ్మ వేసి వచ్చి, వేలికి అంటిన సిరా నా ఉతికిన చొక్కాకే తుడిచింది. బయటికొచ్చాక నాన్న నా మొహం చూసి నవ్వాడు.

"కాయితం కోసమేరా గుంటా. ఇంటికెల్తే మళ్ళీ మామూలే."

నిజంగానే అంతా మామూలుగా గడిచింది. అదే ఇల్లు, అదే కంచం, పక్కన మా అన్న మోచెయ్యి. బళ్ళో హాజరుపట్టీలో మాత్రం తండ్రి పేరు మారింది. నాలుగు రోజులు పిల్లలు ఏడిపించారు, తరవాత వాళ్ళకీ విసుగొచ్చింది. చిన్నాన్న నన్ను ఒక్కనాడూ కొడుకా అని పిలవలేదు. పిలిచినా నేను పలికేవాణ్ణి కాదు. పిన్నికి జబ్బు చేస్తే కాలనీలో తన స్థలం అమ్ముకున్నాడు. ఆ జబ్బుతోనే ఆవిడ పోయింది, తరవాత ఆయనా పోయాడు. నాకు మిగిల్చింది పేరొక్కటే.

మా అన్న టెన్త్ తప్పాడు. నేను ఐటీఐలో ఫిట్టరు పాసయ్యాను. మా నాన్న కార్డు మీద ఒక్క ఉద్యోగమే అంటే అది నాకే రావలసింది. నేను చిన్నాన్న కార్డు వైపు జరిగాను కాబట్టి మా నాన్న కార్డు వాడికి మిగిలింది. వాడి ఉద్యోగం, ఉద్యోగం చూసి వచ్చిన సంబంధం, ఎక్కి తిరిగిన బండి, అన్నీ ఆ రోజు అమ్మ నా చొక్కాకి తుడిచిన సిరా చలవే. పెద్దవాణ్ణి పట్టుకుని వాడు వాడు అంటున్నానని ఏమీ అనుకోకండి. మా పెంపకం అలాంటిది కాదు. కేసు నేర్పింది.

గాజువాక అవతల మా నాన్నకి వచ్చిన స్థలంలో మొదట పెంకుటిల్లు ఉండేది. తరవాత శ్లాబు వేశాం. కింద అన్న కుటుంబం, అమ్మా నాన్నా ఉండేవాళ్ళు. పై అంతస్తు నేను లోను పెట్టి కట్టుకున్నాను. కట్టినన్ని రోజులూ మా నాన్న తెల్లారకుండానే లేచి పై గోడలకి నీళ్ళు కొట్టేవాడు. ఇంటికి ఎవరొచ్చినా, "కింద పెద్దోడిది, పైన సిన్నోడిది" అని వేలితో చూపించి మరీ చెప్పేవాడు. చెప్పాడు గానీ రాయలేదు. కన్నకొడుకుని కొడుకు కాకుండా చెయ్యడానికి అనకాపల్లి దాకా వెళ్ళిన మనిషికి సొంత ఇంటికి వీలునామా రాయాలని తోచలేదు. ఆయన మీద నాకున్న కోపం ఇప్పటికీ తగ్గలేదు. పోయినవాళ్ళని ఏమీ అనకూడదంటారు, కానీ ఉన్నప్పుడు అనే ధైర్యం నాకు లేకపోయింది.

నాన్న పోయిన ఏడాదికి మా వీధిలో ఇళ్ళు ఒక్కొక్కటే పడగొట్టి అపార్టుమెంట్లు లేపడం మొదలైంది. ఒక ఆదివారం బిల్డరు మనిషి టేపు పట్టుకుని మా మెట్లెక్కాడు. బాల్కనీ కొలిచి, గదులు కొలిచి, నన్ను చూసి ఎంతో మర్యాదగా అడిగాడు.

"మీరు అద్దెకుంటన్నారా అండీ? కాళీ చెయ్యడానికి టైమేటైనా కావాలా?"

కిందికి దిగాను. అన్న వాకిట్లో స్కూటరు కడుగుతున్నాడు. ఆ బిల్డరు మనిషి చేతిలో ఉన్న కాగితాల్లో కుటుంబ సభ్యుల సర్టిఫికెట్ చూశాను. మా నాన్న వారసులు ఇద్దరే, మా అమ్మ, మా అన్న.

"అన్నా, ఇందులో నా పేరేది?"

"నువ్వు సిన్నాన్న కొడుకువి కదరా," అన్నాడు తలెత్తకుండా.

నేను నవ్వాను. చిన్నప్పుడు నన్ను ఏడిపించడానికి వాడు అనే మాటే అది. ఇప్పుడూ వేళాకోళమే అనుకున్నాను.

"నవ్వుతావేటి? నీ సర్వీసు బుక్కు తీసి సూసుకో. అది నాను రాసినానేటి? నువ్వే సంతకం ఎట్టినావు."

"నాన్న ఏమన్నాడో నీకు తెలీదేటి? కింద నీది, పైన నాదని ఊరందరికీ సెప్పినాడు."

"నాన్న సెప్పింది కోర్టుకెల్లి సెప్పుకో. దత్తత అబద్దమని కూడా సెప్పు. అప్పుడు నీ ఉజ్జోగం ఏటవుద్దో ముందే ఆలోసించుకో."

అని బకెట్లో మిగిలిన నీళ్ళు స్కూటరు మీద పోశాడు. వాడికి అన్నీ తెలుసు. నాకు ముందు నుయ్యి, వెనక గొయ్యి. దత్తత నిజమంటే చట్టం ప్రకారం కన్నవాళ్ళ ఆస్తిలో నాకు పూచికపుల్ల కూడా రాదు. అబద్ధమంటే నేను తప్పుడు కాగితం పెట్టి ఉద్యోగం సంపాదించినవాణ్ణి. రిటైర్మెంటుకి అప్పటికి ఇంకా రెండేళ్ళుంది. ఏ కాలనీ కుర్రాణ్ణి అడిగినా చెబుతాడు, చివరి రెండేళ్ళలో మనిషి కుర్చీ చప్పుడు కూడా కాకుండా కూర్చుంటాడని.

పెద్దమనుషుల్ని కూర్చోబెట్టాను. వచ్చిన నలుగురూ మా పాత ఊరివాళ్ళే. మా నాన్న చెప్పిన మాట ఆ నలుగురూ చెవులారా విన్నవాళ్ళే. టీ తాగారు, మా అన్నని రెండు మాటలు మెత్తగా అన్నారు. దత్తత మాట రాగానే నేల చూపులు చూశారు. అలాంటి కాగితం మా ఒక్క ఇంట్లోనే ఉందని నేను అనుకోను. చివరికి ఒకాయన లేస్తూ, "కడుపు సించుకుంటే కాళ్ళ మీద పడతాదిరా బావా, ఇంతటితో ఒగ్గీ," అన్నాడు. వాళ్ళ కాళ్ళ మీద పడుతుందనే ఆయన భయమంతా.

వదిలెయ్యడానికే చూశాను. మా ఆవిడ ఊరుకోలేదు. ఆవిడకి ఇంటి మీద ఆశ ఉందని కాదు, అద్దె ఇళ్ళలో పెరిగిన మనిషే. ఆ రోజు మా హాల్లో మా నాన్న ఫోటోకి దండ మారుస్తూ అడిగింది.

"ఇల్లు పోతే పోనాది. ఇక్కడ్నించి ఎల్లిపోయాక ఈయన ఫోటో మనింట్లో ఏటని ఎట్టుకుంతాం? నీకు పెదనాన్న అవుతాడా?"

ఆ మర్నాడే లాయరు దగ్గరికి వెళ్ళాను. పైన చెప్పిన ప్రశ్న ఆయన అడిగింది ఆ రోజే. జరిగిందంతా విని, ఉద్యోగం సంగతి ఆలోచించుకోమని ఆయన నిజాయితీగానే హెచ్చరించారు. బిల్డరుతో ఒప్పందం రిజిస్టరు అయిపోతే ఇక చేసేదేమీ ఉండదని కూడా చెప్పారు. నేను కన్నతండ్రి పేరే రాయమన్నాను. దత్తత పత్రం పేరుకే ఉంది, ఇవ్వడమూ పుచ్చుకోవడమూ జరగలేదు, నేను పుట్టినింట్లోనే కొడుకుగా ఉన్నాను అని ఆయన నా ఉద్యోగానికి వీలైనంత తక్కువ దెబ్బ తగిలేలా రాశారు. తండ్రి పేరు దగ్గర మా నాన్న పేరు చూసుకుని, సంతకం పెట్టాను. పన్నెండో ఏడు దాటాక ఏ కాగితం మీదా నేను ఆ పేరు రాసుకోలేదు.

తరవాత వాయిదాలు. కేసు నడిచినంత కాలం మేం ఒకే ఇంట్లో, కిందా పైనా ఉన్నాం. మోటారు స్విచ్చి కిందింట్లో ఉంటుంది, నేను నీళ్ళు అడగాలి. వాళ్ళ బట్టలు మా డాబా మీద ఆరాలి, వాళ్ళు నన్ను అడగాలి. ఎవరం ఎవరినీ అడగలేదు. నేను బిందెలు మోశాను, మా వదిన బట్టలు వరండాలో ఆరేసుకుంది. మెట్ల మీద ఎదురుపడితే అన్నదమ్ములిద్దరం గోడ చూసుకుంటూ తప్పుకునేవాళ్ళం. ఈ రెండంతస్తుల మధ్యా తిరిగింది మా అమ్మ ఒక్కతే. ఎనభై దాటిన మనిషి, మోకాళ్ళు పట్టుకుని ఒక్కొక్క మెట్టూ ఎక్కి, గిన్నెలో చేపల పులుసు తెచ్చి, "అన్నకి సెప్పకు" అనేది. కేసు గురించి నేను ఆవిడతో మాట్లాడలేదు. ఆవిడకి అర్థం కాదనుకున్నాను. నేను చేసిన పెద్ద తప్పు అదే. నేను చెప్పకపోతే ఇంకెవరూ చెప్పరనుకున్నాను.

మా అన్న తరఫున సాక్షిగా అమ్మని తీసుకొచ్చారు. ఆటోలోంచి దింపి, బోనులోకి ఎక్కించడానికి బంట్రోతు చెయ్యి పట్టుకోవలసి వచ్చింది. ఇస్త్రీ చీర కట్టుకుంది. నన్ను చూసి తల ఊపింది, పెళ్ళి భోజనాల్లో దూరం బంతిలో కూర్చున్నవాణ్ణి పలకరించినట్టు. మా లాయరు గారు లేచి నిలబడ్డారు.

"అమ్మా, ఇతను మీకేమవుతారు?"

"మా మరిది కొడుకు బావూ."

నా పక్కనున్నాయన నా వైపు చూశాడు.

"ఇతన్ని కన్నదెవరమ్మా?"

"నానే కన్నాను."

"పెంచిందెవరు?"

"నానే. మేవూ మా మరిదీ ఒక్క సోటే ఉండేవోళ్ళం కదా."

లాయరు గారి గొంతులోకి ధైర్యం వచ్చింది. "మీరే కన్నారు, మీరే పెంచారు. అంటే దత్తత కాగితం మీదే గానీ, నిజంగా మీరు ఇతన్ని ఇవ్వలేదు కదమ్మా?"

అమ్మ ఒక్కసారి నా కళ్ళలోకి చూసింది. భయంగా కాదు, ధైర్యం చెబుతున్నట్టు. నాకు జ్వరం వచ్చినప్పుడు అలాగే చూసేది.

"ఇచ్చీసినాను బావూ. నా సేతుల్తో మా తోడికోడలు ఒళ్ళో కూకోబెట్టి ఇచ్చీసినాను."

పన్నెండేళ్ళకి నేను మా పిన్ని కంటే పొడుగు. ఎవరి ఒళ్ళో ఎవరు కూర్చుంటారు? ఆ రోజు నేను గోడకి ఆనుకుని నిలబడ్డాను, నన్నెవరూ ముట్టుకోలేదు, చొక్కాకి సిరా తుడవడానికి తప్ప. కానీ దత్తత చెల్లాలంటే ఇచ్చినవాళ్ళు ఇవ్వాలి, పుచ్చుకున్నవాళ్ళు పుచ్చుకోవాలి. ఆ మాట కావాలి. ఎవరో ఆ మాటని శ్రద్ధగా కుట్టి ఆవిడ నోట్లో పెట్టారు, ఆవిడ తప్పు పోకుండా అప్పజెప్పింది. మా లాయరు గారు ఇంకో రెండు ప్రశ్నలు అడిగి కూర్చున్నారు.

బయట వరండాలో అమ్మ అందరినీ తప్పించుకుని నా దగ్గరికి వచ్చింది. ఆయాసపడుతోంది. మొహం వెలిగిపోతోంది. నా చెయ్యి గట్టిగా పట్టుకుంది.

"ఇంక బయం లేదు నాయినా. నీ ఉజ్జోగం నిలబెట్టీసినాను."

"ఎవులు సెప్పినారమ్మా అలా సెప్పమని?"

"అన్న సెప్పినాడు. తమ్ముడు తెలీక కేసు ఏసీసినాడమ్మా, నువ్వు దత్తత ఇవ్వనేదంటే ఆడి ఉజ్జోగం పోద్ది, జైల్లో ఎడతారు అన్నాడు. నానుండగా నిన్ను జైల్లో ఎట్టనిత్తానేటి?"

అన్న కొంచెం దూరంలో ఆటో బేరం చేస్తున్నాడు. మా వైపు చూసి మళ్ళీ డ్రైవరు వైపు తిరిగాడు. ఆవిడ చేసిందేమిటో ఆవిడకి చెప్పాలనిపించింది. చెప్పాలంటే ఆవిడ పెద్దకొడుకు ఏం చేశాడో కూడా చెప్పాలి. నేను మంచివాణ్ణి కాబట్టి ఊరుకున్నానని అనుకోకండి. నోరు రాలేదు, అంతే.

కేసు కొట్టేశారు. కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడుస్తాడు, గెలిచినవాడు ఇంటికెళ్ళి ఏడుస్తాడంటారు. మా అన్న ఇంటికొచ్చి ఏడ్చాడని మాత్రం నేను వినలేదు. మిఠాయి పంచాడని విన్నాను. అప్పీలు చేద్దామన్నారు లాయరు గారు. మళ్ళీ మొదటి పంక్తి నుంచి రాయాలి, మళ్ళీ తండ్రి పేరు చెప్పాలి. వద్దన్నాను. తల్లే చెప్పింది కాబట్టి ఉద్యోగానికి ఏ ఢోకా రాలేదు. ఆ లెక్కన మా అమ్మ తను చెప్పిన మాట నిలబెట్టుకుంది. రిటైరైన రోజు శాలువా కప్పి, నా పేరూ, ఫలానా వారి కుమారుడని మా చిన్నాన్న పేరూ చదివారు. అందరూ చప్పట్లు కొట్టారు. నేను దండం పెట్టాను.

మల్కాపురంలో అద్దెకి దిగాం. కాలనీలో ఇల్లు పడగొట్టిన రోజు నేను వెళ్ళలేదు. మా నాన్న ఫోటో అద్దింటి గోడకి మేకు కొట్టి తగిలించాం. ఎవరని ఎవరైనా అడిగితే మా ఆవిడ "మా మావయ్యగారు" అంటుంది. నేను దండ సరిచేస్తాను.

మొన్న ఎండాకాలం ఒక మధ్యాహ్నం గుమ్మం ముందు ఆటో ఆగింది. అమ్మ ఒక్కతే వచ్చింది. ఇల్లంతా తిరిగి చూసింది, వంటగది చిన్నదని అంది, మా ఆవిడ ఇచ్చిన టీ సాసర్లో పోసుకుని తాగింది. అపార్టుమెంటు లేచేదాకా అన్న అద్దెకి తీసుకున్న ఇంట్లో తనకి మంచం వేశారని, ఫ్యాను ఉందని చెప్పింది. ఇంకేదో అడగడానికి వచ్చిందని తెలుస్తూనే ఉంది. చివరికి నన్ను పక్కన కూర్చోమంది.

"నాను పోతే కొరివి నువ్వే ఎట్టాలి నాయినా. అయ్యకి పెద్దోడు, అమ్మకి సిన్నోడు. అన్నతో పడదని రాకుండా ఉండిపోకు."

ఇన్నాళ్ళూ మింగినదంతా ఒక్కసారే పైకొచ్చింది. మెట్ల మీద గోడ చూసుకుంటూ తప్పుకోవడం, బిందెలు, శాలువా, అన్నీ. అన్నని అనవలసిన మాట అక్కడ కూర్చున్న ముసలిదాని మీద పడింది.

"ఇచ్చీసినోడు ఎలాగ ఎడతాడమ్మా?"

అమ్మ సాసరు కింద పెట్టింది. ఏడవలేదు. ఏదో లెక్క సరిచూసుకుంటున్నట్టు నెమ్మదిగా అడిగింది.

"అదీ రాసీసినారేటి ఆ కాయితంలో?"

ఆ దత్తత కాగితం నేను ఎన్నిసార్లు చదివానో నాకే తెలియదు. అందులో కొరివి మాట ఎక్కడా లేదు. లేదమ్మా అంటే సరిపోయేది.

"రాసినారు," అన్నాను.

కాగితంలో ఉందంటే మా అమ్మ మారు మాట్లాడదు. కొంగు సర్దుకుని లేచింది. ఆటో దాకా నేను చెయ్యి పట్టుకుని నడిపించాను.